రెండోసారి మోగిన గంట

ప్రెస్ యంత్రం పై పలక దింపి, సుందరి మనసులో పన్నెండు లెక్కపెట్టింది. పన్నెండుకు ముందే ఎత్తితే పేరు పట్టీ రెండు ఉతుకులకే ఊడిపోతుంది. పదిహేను దాటితే ఉన్ని కమురు వాసన కొడుతుంది. పన్నెండు కాగానే ఎత్తి, నీలం స్వెటర్ మెడ లోపల అంటుకున్న తెల్లటి పట్టీ అంచును గోటితో గీకి చూసింది. పట్టీ మీద నల్లటి ఇంగ్లీషు అక్షరాల్లో ఒక పేరు, దాని కింద గది నంబరు ఉన్నాయి. ఊడలేదు. మడతపెట్టి బండిలో వేసి ఇంకోటి తీసుకుంది.

టొరంటో శివార్లలోని ఎటోబికోలో, ఎయిర్‌పోర్టుకు వెళ్లే రోడ్డు పక్కన ఆ వృద్ధుల నివాసం నాలుగంతస్తులు లేచి ఉంటుంది. నూటనలభై మంది ముసలివాళ్లుంటారు. వాళ్ల బట్టలన్నీ ఒకే నీళ్లలో కలిసి తిరుగుతాయి గనక, ఏది ఎవరిదో చెప్పేది మెడ దగ్గర పట్టీ ఒక్కటే. ఆ పట్టీలు అచ్చు వేసి అంటించడం, ఉతకడం, ఆరబెట్టడం, మడతపెట్టి పైకి చేర్చడం జ్ఞానసుందరి పని. పదిహేడేళ్లుగా బేస్‌మెంట్‌లో, కిటికీ లేని ఆ గదిలో, ఉదయం ఆరున్నర నుంచి మధ్యాహ్నం రెండున్నర దాకా అదే చేస్తోంది. ఈ ఇంట్లో సగం మంది ముఖాలు ఆమెకు తెలియవు. కాలర్లు మాత్రం అందరివీ తెలుసు.

ఆమెకు యాభై ఒకటి నడుస్తోంది. పొట్టి మనిషి. కుడి మణికట్టు మీద పలక అంచు కాల్చిన మచ్చలు వరసగా మూడున్నాయి. ఒకటి మానేలోపు ఇంకోటి పడేది, ఇప్పుడు జాగ్రత్త తెలిసింది. కళ్లజోడుకు తాడు కట్టి మెడలో వేసుకుంటుంది. చర్చికి తప్ప ఎక్కడికీ పట్టుచీర కట్టదు. అక్కడా వెనక బెంచీలోనే కూర్చుంటుంది. ఆవిడ రాలేదని ఎవరికైనా తెలియాలంటే, కాఫీ కప్పులు కడిగేవాళ్లు కరువైనప్పుడే తెలుస్తుంది.

పైన ఎవరైనా పోతే లాండ్రీకి ఒకే రకం కబురు వస్తుంది. గోడ మీద ఫోను మోగుతుంది. "ఫలానా గది బట్టలు పైకి తేవద్దు" అంటారు. అంతే. మరునాడు ఆ బట్టలు సంచుల్లో కిందికి దిగుతాయి. సుందరి కత్తెర తీసుకుని పట్టీలు కత్తిరించి, దానాల పెట్టెలో వేస్తుంది. పేరున్న చొక్కా ఇంకొకళ్లు తొడుక్కోరు. పదిహేడేళ్లలో ఆమె ఎన్ని పేర్లు అంటించిందో దాదాపు అన్నీ కత్తిరించింది.

ఇవాళ ఏప్రోన్ జేబులో ఒక కవరుంది. మూడు వారాలుగా అది ఇంట్లో ఫ్రిజ్ మీద ఉంది. ఇవాళ శుక్రవారం, ఆఖరి తేదీ. అందుకని వెంట తెచ్చుకుంది. నాలుగుసార్లు తీసింది, నాలుగుసార్లు పెట్టేసింది.

ఆ కవరు శ్మశానం ఆఫీసు నుంచి వచ్చింది. పసిపిల్లల్ని పూడ్చిన భాగంలో నేలమీది నంబరు బిళ్లలు కుంగిపోతున్నాయట, వాటికి బదులు ఒక నల్లరాతి గోడ కట్టి పిల్లలందరి పేర్లూ చెక్కిస్తారట. ఫారంలో ఒకటే ఖాళీ ఉంది, బిడ్డ పేరు. పూర్తిచేసి ఇవాళ్టి పోస్టు ముద్రతో పంపాలి. పంపకపోతే రికార్డులో ఉన్నదే చెక్కుతారు. రికార్డులో ఉన్నది 'బేబీ గర్ల్', దాని పక్కన ఇంటిపేరు.

ఇరవై ఒక్క ఏళ్ల కిందట, ఫిబ్రవరిలో, ఏడో నెలలోనే పుట్టింది ఆ పిల్ల. తొమ్మిది రోజులు అద్దాల పెట్టెలో బతికింది. పుట్టిందని సామర్లకోటకు ఫోన్ వెళ్లిన రోజే అత్తగారూ పాస్టరు గారూ ఉపవాసం పట్టారు. ఆ ఇంటి ఆనవాయితీ అది. చీటీల మీద పేర్లు రాసి బైబిలులో పెట్టి, ప్రార్థన చేసి ఒకటి తీస్తారు. తీసిన పేరును నలభయ్యో రోజున గుళ్లో పాస్టరు బిడ్డను పైకెత్తి పలికేదాకా ఎవరూ పలకకూడదు, తల్లి కూడా. 'ఫేబీ' అని వచ్చింది. భర్త సత్యవేదం ఆ ముక్క సుందరి చెవిలో చెప్పాడు.

ఆ తొమ్మిది రోజులూ సుందరి అద్దం మీద చెయ్యి పెట్టి "అమ్మలూ, అమ్మలూ" అనే పిలిచింది. పేరు నాలుక చివరిదాకా వచ్చేది, మింగేసేది. నలభయ్యో రోజున తనివితీరా పిలుచుకోవచ్చులే అనుకుంది. బిడ్డ పదో రోజు చూడలేదు.

ఆరు నెలలకు మరిది షాలేమ్‌కు సామర్లకోటలో కూతురు పుట్టింది. ప్రార్థన చేసి తీసిన పేరు నేలపాలు కాకూడదన్నారు అత్తగారు. ఆ పిల్లకు ఫేబీ అని పెట్టారు. సుందరిని ఎవరూ అడగలేదు. పేరు పెట్టిన రోజు ఫోన్లో అందరూ పాట పాడుతుంటే వింది, "బాగుందండీ" అంది, ఫోన్ పెట్టేసి స్నానాల గదిలో కుళాయి తిప్పుకుని ఏడ్చింది. ఒక్కసారి, ఒక్కటంటే ఒక్కసారి ఆ అద్దం మీద నోరు పెట్టి పిలిచి ఉంటే ఆ పేరు తన బిడ్డదై ఉండేది కదా. ఎవరు కాదనగలిగేవాళ్లు? ఆచారాన్ని కాపాడి, తానే బిడ్డకు పేరు లేకుండా చేసింది. ఈ మాట ఆమె ఎవరితోనూ అనలేదు. తరవాత పిల్లలు కలగలేదు.

అంతటితో అయిపోతే బాగుండేది. కాని మన ఊళ్లనుంచి పిల్లలంతా కట్టగట్టుకుని కెనడా కాలేజీలకు దిగుతున్న రోజులు వచ్చాయి. ఈ వీధిలో ఏ ఇంటి బేస్‌మెంట్ చూసినా ఆరేసి మంది, ఒక్కో గదికి మూడేసి పరుపులు. బస్సెక్కితే బ్యాక్‌ప్యాకుల మధ్య నిలబడడానికే చోటుండేది కాదు. రెండేళ్ల కిందట షాలేమ్ ఫోన్ చేసి, "వదినా, పాపకు వీసా వచ్చింది, మీ ఇంట్లోనే కదా" అన్నాడు. ఇంకెక్కడ ఉంటుంది? సత్యవేదం ఎయిర్‌పోర్టుకు వెళ్లి తెచ్చాడు. తలుపు తీసేసరికి పెద్ద కళ్లూ, చిన్న గడ్డమూ, అచ్చం ఈ ఇంటి పోలికతో పద్దెనిమిదేళ్ల పిల్ల నిలబడి, "పెద్దమ్మా" అంది.

రెండేళ్లు బేస్‌మెంట్‌లో ఉంది. బుద్ధిమంతురాలు. కాలేజీ, సాయంత్రం కాఫీ షాపులో పని, ఆదివారం చర్చిలో పాట. వంక పెట్టడానికి లేదు. కాని "ఫేబీ" అని సుందరి పిలిచినప్పుడల్లా ఇద్దరు తిరిగి చూసినట్టుండేది. మెట్లు ఎక్కి వస్తున్న చప్పుడులో ఒక అడుగు ఎక్కువ వినిపించేది. కంచాలు పెట్టేటప్పుడు మూడింటికి బదులు నాలుగు పెట్టి, ఒకటి తీసి గూట్లో పెట్టేసేది. చూసేవాళ్లు మతిమరుపు అనుకునేవారు. ఆ పిల్ల పుట్టినరోజున సుందరి కేకు చేసింది, చేస్తూ ఆరు నెలలు వెనక్కి లెక్కపెట్టుకుంది.

ఇవాళ ఫేబీ కనాటా అనే దూరపు ఊరికి వెళ్లిపోతోంది. అక్కడ టెలికాం కంపెనీలో ఉద్యోగం దొరికింది. సాయంత్రం ఆరింటికి బస్సు.

తొమ్మిదిన్నరకు బండి నింపుకుని సుందరి లిఫ్టులో నాలుగో అంతస్తుకు వెళ్లింది. మామూలుగా గది గదికీ అల్మరాల్లో బట్టలు సర్దుకుంటూ వస్తుంది. ఇవాళ నేరుగా నాలుగు వందల పన్నెండుకు వెళ్లింది.

ఆ గది ముసలావిడ సంగతి నాలుగు నెలల కిందట మొదలైంది. ఉతుకుకు వచ్చిన ఆవిడ బట్టల్లో ఒక్క దానికీ పట్టీ ఉండేది కాదు. సుందరి అంటించేది, ఆవిడ గోళ్లతో పీకేసేది. మళ్లీ అంటించేది, మళ్లీ పీకేసేది. ఆవిడకు మతి చలించిందన్నారు నర్సులు. సుందరికి మాత్రం కోపం వచ్చింది. పట్టీ మీద ఉన్నది 'మరియా'. ఎంత మంచి పేరు! ప్రభువు తల్లి పేరు. సామర్లకోట వీధిలో మరియమ్మలు పదిమంది ఉంటారు, ఒక్కరైనా పేరు పీక్కున్నారా? ఒకరోజు స్వెటర్ చేత్తో పట్టుకుని పైకెళ్లి, వచ్చీరాని ఇంగ్లీషులో అడిగేసింది. బైబిలు పేరును అట్లా చింపుతావేమిటి తల్లీ అని.

ముసలావిడ మంచం మీద దిండుకు ఆనుకుని ఉంది. ఎనభై మూడేళ్లు. ఎముకలు తేలిన పొడుగాటి వేళ్లు. ఒకప్పుడు టొరంటోలో పెళ్లిగౌన్లు కుట్టిందట. మతి చెక్కుచెదరలేదు, చెడింది గుండె.

"అది నా పేరు కాదు," అంది. "అది గుమాస్తా పేరు."

ఆవిడది కాటలోనియా. స్పెయిన్లో ఒక మూల, వాళ్ల భాషే వేరు. ఆవిడ పుట్టిన ఏడు ఆ దేశాన్ని ఏలేవాళ్లు ఆ భాషలో పేర్లు రాయడానికి వీల్లేదన్నారట. తండ్రి ఒక పేరు చెప్తే గుమాస్తా తన భాషలో మరియా అని రాసుకున్నాడు. బళ్లో మరియా, పాస్‌పోర్టులో మరియా, ఇక్కడ హెల్త్ కార్డులో మరియా. ఇంట్లో, తలుపు వేసుకున్నాక, నూరియా. ఆ పేరుతో పిలిచేవాళ్లు ఒక్కొక్కరే పోయారు. ఆఖరివాడు మొగుడు, ఆరేళ్ల కిందట. అప్పట్నుంచీ ఆ పేరు ఎవరి నోటా ఆవిడ వినలేదు.

ఆ రోజు సుందరి కిందికి వచ్చి, ఎవరూ చూడకుండా యంత్రంలో ఆ పేరుతో పది పట్టీలు అచ్చు వేసింది. రూలు ప్రకారం కార్డులో ఉన్న పేరే వెయ్యాలి. మరియాను అంచు కుట్టు దగ్గరికి దించి, మెడ లోపల నూరియా అంటించింది. ఆ తరవాత ఒక్క పట్టీని కూడా ఆవిడ పీకలేదు. తొమ్మిది వాడింది, పదోది సొరుగులో ఉంది.

పేరుకు అర్థం ఏమిటని సుందరి అడిగితే ఆవిడ నవ్వింది. కొండల నడుమ చోటు అంటారట, అదీ ఖాయం కాదట, అంత పాతది. అర్థం కన్నా కథ ముఖ్యం అంది. పైరినీస్ కొండల్లో ఆ పేరుతోనే ఒక లోయ ఉంది. ఎప్పుడో ఒక సన్యాసి అక్కడ గొర్రెల కాపరులకు పెద్ద కుండలో వండిపెట్టేవాడు, గంట కొట్టి భోజనానికి పిలిచేవాడు. ఆపద వచ్చి పారిపోతూ, తాను చెక్కిన మరియమ్మ బొమ్మనూ కుండనూ గంటనూ గుహలో దాచిపోయాడు. ఎన్నో ఏళ్లకు అవి దొరికాయి. అప్పట్నుంచి పిల్లలు లేని ఆడవాళ్లు కొండెక్కి వెళ్లి, ఆ కుండలో తల పెట్టి, గంట తాడు లాగుతారు. అట్లా పుట్టిన ఆడపిల్లకు నూరియా అని పెడతారు. "కుండలో తల ఉన్నప్పుడే పేరు సిద్ధం," అంది ఆవిడ. "బిడ్డ తరవాత వస్తుంది."

ఆలూ లేదు చూలూ లేదు కొడుకు పేరు సోమలింగం అన్నట్టుందే అనుకుంది సుందరి అప్పుడు. నవ్వు వచ్చింది, మరుక్షణం భయమూ వేసింది. సుందరి పుట్టిల్లూ మెట్టిల్లూ కూడా బాప్టిస్టులు. సిలువకు దండ వేసినా తప్పనే మనుషులు. బొమ్మల కథలు వినడమే తప్పేమోనని లిఫ్టులో చిన్న ప్రార్థన చేసుకుంది. కాని ఆ రోజునుంచి డ్రయ్యర్ అడుగున చిక్కుకున్న మేజోళ్ల కోసం డ్రమ్ములో తల పెట్టినప్పుడల్లా ఆమెకు ఆ కుండ గుర్తొచ్చేది. వెచ్చటి చీకట్లో తన ఊపిరి తనకే వినిపించేది. ఒకసారి అక్కడ "ఫేబీ" అంది. ఇనుము ఆ పేరును వెనక్కి ఇచ్చింది, కాస్త సన్నటి గొంతుతో. ఒళ్లు జలదరించి తల బయటికి లాక్కుంది.

ఇవాళ ఆవిడ గదిలో ఆక్సిజన్ యంత్రం బుసలు కొడుతోంది. కిటికీ అవతల గడ్డి మీద మంచు మురికి కుప్పలుగా కరుగుతోంది. సుందరి బట్టలు అల్మరాలో పెట్టింది, పెట్టినవే మళ్లీ సర్దింది. చివరికి కుర్చీ లాక్కుని కూర్చుంది. పదిహేడేళ్లలో ఆమె ఏ గదిలోనూ కూర్చోలేదు.

"నూరియా," అంది. "ఒకటి అడుగుతాను. ఏమనుకోకు."

కవరు తీసి, ఉన్నదంతా చెప్పింది. ఇంగ్లీషు ఎక్కడికక్కడ తెగిపోతుంటే తెలుగులోనే కానిచ్చింది, మళ్లీ ఇంగ్లీషులో పడింది. తొమ్మిది రోజులు అనడానికి తొమ్మిది వేళ్లు చూపించింది. "దానికి పేరు లేదు. ఉన్న పేరు ఇంకో పిల్ల తిరుగుతోంది మోసుకుని. నీ పేరు దానికి పెట్టుకోవచ్చా?"

ముసలావిడ చాలాసేపు కళ్లు మూసుకుంది. నిద్రపోయిందేమో అనుకుంది సుందరి.

"గంట ఎన్నిసార్లు కొడితే అంతమంది పిల్లలు," అంది ఆవిడ కళ్లు తెరవకుండానే. "ఆ సంగతి నీకు చెప్పలేదు కదూ. మా అమ్మ రెండుసార్లు కొట్టింది. నేనొక్కదాన్నే వచ్చాను. రెండో పిల్ల కోసం అమ్మ ముసలిదయ్యేదాకా చూసింది. రాత్రి తలుపు గడియ పెట్టేముందు బయటికి తొంగి చూసేది, ఎవరో వస్తారన్నట్టు. చచ్చిపోయే ముందు కూడా నన్నడిగింది, చెల్లెలు వచ్చిందా అని."

ఊపిరి కోసం ఆగింది. సుందరి ఆ పొడుగాటి వేళ్లను తన కాలిన చేతిలోకి తీసుకుంది.

"ఎంతో దూరంలో పుట్టింది కాబోలు," అంది ఆవిడ. "రాసెయ్. దాని గంట ఎప్పుడో మోగింది."

సుందరి ఆ వేళ్లను కళ్లకద్దుకుంది. కిందికి వచ్చాక భోజనం డబ్బా తెరిచి, తినకుండానే మూసింది. ఫారం బయటికి తీసి పెన్ను పట్టుకుంది గాని రాయలేకపోయింది. బొమ్మకు మొక్కి తెచ్చుకున్న పేరు. అత్తగారు బతికి ఉంటే ఏమనేవారు? ఆయన ఏమంటాడు? ఉత్తరం వచ్చిన రోజే ఆయన చదివి, "ఉన్నదే ఉండనీ సుందరీ, కదపొద్దు" అని లేచిపోయాడు. ఆ తొమ్మిది రోజుల గురించి ఇరవై ఒక్క ఏళ్లలో ఆయన మాట్లాడింది ఆ ఒక్క వాక్యమే.

ఒంటిగంటకు ఫోన్ మోగింది. పైన పనిచేసే అమ్మాయి చేసింది, పేరు సంజేష్ని. ఫిజీలో పుట్టిన పిల్ల, ముత్తాతలది మన విశాఖ వైపే. తెలుగు నాలుగు ముక్కలే వచ్చు, ఆ నాలుగూ సుందరి దగ్గరే వాడుతుంది. ఇవాళ వాటిలో ఒక్కటే వాడింది.

"అమ్మా," అంది. తరవాత ఇంగ్లీషులో, మెల్లగా, నాలుగు వందల పన్నెండు బట్టలు పైకి తేవద్దని చెప్పింది.

సుందరి ఫోన్ పెట్టి వెనక్కి తిరిగింది. అప్పుడే ఆగిన డ్రయ్యర్లో ఆవిడ బూడిదరంగు స్వెటర్ ఉంది. డ్రమ్ములో తల పెట్టి దాన్ని అందుకుంది. తల బయటికి తియ్యలేదు. ఆ వెచ్చటి చీకట్లో, ఇన్నేళ్లూ మింగిన గొంతుతో, "నూరియా" అని పిలిచింది. ఆ పిలుపు ముసలావిడకో, పసిదానికో ఆమెకే తెలియలేదు. ఇనుము మోగింది. ఆ మోత తగ్గేదాకా కదలకుండా ఉంది. ఈసారి ఒళ్లు జలదరించలేదు, ఏడుపు వచ్చింది. స్వెటర్‌లో ముఖం పెట్టుకుని ఏడ్చింది.

స్వెటర్ జేబు గట్టిగా తగిలింది. వేలు పెట్టి చూస్తే ఉండలా చుట్టుకుపోయిన పాత పట్టీలు, నాలుగు నెలల కిందట పీకినవి, అన్నీ మరియాలే. వాటిని చెత్తబుట్టలో వేసింది. కత్తెర తియ్యాలి, మెడలో పట్టీ కత్తిరించాలి. అది రేపు చెయ్యవచ్చులే అని స్వెటర్ మడిచి గూట్లో పెట్టింది. సొరుగులోంచి మిగిలిన ఆ పదో పట్టీ తీసి చేతిసంచిలో వేసుకుంది. రెండున్నరకు కార్డు గీసి బస్సెక్కింది.

ఇంటికి వచ్చేసరికి ముందు గదిలో రెండు సూట్‌కేసులు నిలబడి ఉన్నాయి. ఫేబీ వంటగదిలో ఊరగాయ సీసాకు టేపు చుడుతోంది.

"తిన్నావా?" అంది సుందరి.

"తిన్నా పెద్దమ్మా. మీ ముఖం ఏంటి అలా ఉంది? ఏడ్చారా?"

"మా పైన ఒకావిడ పోయింది. టేపు సరిగ్గా చుట్టు, బట్టలకు నూనె కారుతుంది."

సుందరి చేతిసంచి కుర్చీ మీద పెట్టింది. కవరు అంచు బయటికి కనిపిస్తోంది. ఫేబీ దాన్ని చూసింది, టేపు కింద పెట్టేసింది.

"ఆ లెటర్ నేను చదివాను. ఫ్రిజ్ మీద ఉంటే చూశా. సారీ. లాస్ట్ డేట్ ఇవాళే కదా."

"అయితే ఏంటి?"

"నా పేరే రాసేయండి పెద్దమ్మా. ఫస్ట్ దానిదే కదా."

"నీకెవరు చెప్పారే?" అంది సుందరి.

"నానమ్మ. నాకు ఎయిత్ బర్త్‌డే అప్పుడు. ఏ తప్పు చేసినా, నువ్వు ఇద్దరి పేరు మోస్తున్నావే, జాగ్రత్తగా ఉండు అనేది. ఇక్కడికొచ్చాక మీరు ఫేబీ అని పిలిస్తే నాకు... పలకాలో వద్దో తెలిసేది కాదు. మీరు నన్ను చూస్తారు గానీ నన్ను కాదు చూసేది. రాసేయండి. నేనేం ఫీల్ అవ్వను."

ఆ పేరు బరువు తానొక్కతే మోస్తున్నాననుకుంది సుందరి ఇన్నాళ్లూ. కింద బేస్‌మెంట్‌లో ఈ పిల్ల కూడా అదే బరువు మోస్తూ మెట్లెక్కిందన్నమాట. తాను విన్న రెండో అడుగును ఆ పిల్ల కూడా వినే ఉంటుంది. సుందరికి తన మీద తనకే అసహ్యం వేసింది.

"బతికున్న పిల్ల పేరు రాతి మీద చెక్కిస్తానటే? నోరు ముయ్యి," అంది. "ఆ పేరు నీదమ్మా. నీ ఒక్కదానిదే. నా తప్పు అది. నిన్ను నిన్నుగా పిలవలేదు ఒక్కరోజూ."

ఫారం తీసి బల్ల మీద పరిచింది. నిలబడే, యంత్రం అచ్చు వేసినంత నిదానంగా, పెద్ద అక్షరాల్లో రాసింది. ఫేబీ పక్కకు వచ్చి చూసింది. కళ్లు తుడుచుకుని, ఆ వయసు పిల్లలు చేసే పనే చేసింది. ఫోన్ తీసి వెతికింది.

"కాటలాన్ గర్ల్ నేమ్ అంట పెద్దమ్మా. ప్లేస్ బిట్వీన్ హిల్స్ అంట. అక్కడ చాలామందికి ఉంటుందంట." ఇంకా కిందికి జరిపింది. "కుండ, గంట అని ఏదో ఉంది."

"తెలుసు," అంది సుందరి. "బస్సులో చదువుకో."

నాలుగున్నరకు సత్యవేదం వచ్చాడు. గోడౌన్‌లో ముప్ఫై ఏళ్ల నడుం, వంగి సూట్‌కేసులు ఎత్తబోతుంటే బల్ల మీద ఫారం కనిపించింది. చేతిలోకి తీసుకున్నాడు. పెదవులు కదుపుతూ ఒక్కొక్క అక్షరం కూడబలుక్కున్నాడు.

"ఎవరి పేరు ఇది?"

"మనమ్మాయిదండీ," అంది సుందరి.

ఆయన ఫారం మీది పేరును ఇంకోసారి చదువుకున్నాడు. ఫారం జాగ్రత్తగా మడిచి, దానితో వచ్చిన జవాబు కవరులో పెట్టి, నాలుకతో తడిపి అంటించాడు. చొక్కా జేబులో పెట్టుకుని గుండీ పెట్టాడు.

"పోస్టు ఐదింటికి తీస్తారు," అన్నాడు. "ముందు అక్కడికే పోదాం."

కారు గరాజు ముందు వెనక్కి తిరిగింది. మెట్ల మీద నిలబడి సుందరి పిలిచింది. "ఫేబీ!"

కిటికీలోంచి ఒక్కతే తిరిగి చూసింది. చెయ్యి ఊపింది. కారు మలుపు తిరిగాక కూడా సుందరి చలిలో కాసేపు నిలబడింది. లోపలికి వచ్చి తలుపు గడియ పెట్టబోతూ, ఎందుకో తెలియకుండానే మళ్లీ తెరిచి, వీధి ఆ చివరిదాకా చూసింది.

పైగదిలో బీరువా అడుగున పాత బిస్కెట్ల డబ్బా ఉంది. అందులో ఆస్పత్రివాళ్లు కట్టిన వేలెడు ప్లాస్టిక్ పట్టీ, 'బేబీ గర్ల్' అన్నది. దాని కింద సుందరి ఆస్పత్రి కుర్చీలో కూర్చుని అల్లిన పసుపు ఉన్ని టోపీ, కమలాపండుకు సరిపోయేంత. ఇస్త్రీపెట్టె వేడెక్కేదాకా దాన్ని అరచేతిలో పెట్టుకుని కూర్చుంది. పదో పట్టీని లోపలి అంచున సరిచేసి, గుడ్డ కప్పి, ఇస్త్రీపెట్టె ఆనించి పన్నెండు లెక్కపెట్టింది.

గుడ్డ తీసింది. అంచును గోటితో గీకి చూసింది, ఊడలేదు. ఖాళీ ఇంట్లో, బల్ల మీద, పేరున్న ఆ చిన్న టోపీ ఇంకా వెచ్చగా ఉంది.